గెలుపు మీద అప్పీలు

ఓడినవాడు పై కోర్టుకు పోవడం లోకంలో ఉన్నదే. గెలిచి కూడా పోయే మహానుభావులు మూడో నంబరు వంతెనల డివిజన్ ఆఫీసులో ఉండేవాళ్ళు. వాళ్ళందరిలోకీ చిన్న ఉద్యోగంలో ఉన్నదీ, ఆ ఘనకార్యానికి స్వయంగా కొబ్బరికాయ కొట్టిందీ జూనియర్ అసిస్టెంటు దీవెన.

దీవెన నెమ్మదస్తురాలు. పెదమొద్దులపాడు హైస్కూల్లో చదువుకుని, పోటీ పరీక్ష రాసి ఉద్యోగం తెచ్చుకుంది. ఆమె పెట్టిన ఫైలు ఇంతవరకు ఒక్కటీ వెనక్కి రాలేదు. ఆ సంగతి పైకి ఎవరితోనూ అనేది కాదు గానీ, రోజుకొకసారి తనలో తాను అనుకుని సంతోషపడేది.

ఆమెకు పని నేర్పింది సూపరింటెండెంటు వల్లభరావు గారు. చేరిన రోజునే కూర్చోబెట్టి గీతోపదేశం చేశారు.

"అమ్మాయ్, ఏ కాయితం వచ్చినా మొదటి పేజీ చూడు, నంబరు కోసం. చివరి పేజీ చూడు, సంతకం కోసం. మధ్యలో దాని జోలికి పోవాకు."

"ఎందుకని సార్?"

"చదివితే అభిప్రాయం పుడద్ది. మన కేడరుకి అభిప్రాయం శాంక్షన్ కాలేదు."

దీవెన ఆ మాట నోట్‌బుక్కులో రాసుకుంది. ఆ ఆఫీసు పద్ధతి ఆమెకు త్వరగానే అర్థమైంది. కింద జూనియర్ అసిస్టెంటు ఒక వాక్యం రాస్తుంది. సూపరింటెండెంటు గారు దాని కింద "ప్రతిపాదించినట్లు" అని రాసి సంతకం పెడతారు. ఎగ్జిక్యూటివ్ ఇంజనీరు, అంటే ఈఈ గారు, ఉత్త సంతకం పెడతారు. ఆ పైవాళ్ళు ఆ సంతకం చూసి సంతకం పెడతారు. ప్రభుత్వ నిర్ణయం అని అందరూ భయపడే వస్తువును చివరికి విప్పి చూస్తే, అది ఇరవై ఆరేళ్ళ పిల్ల మధ్యాహ్నం అన్నం తిన్నాక రాసిన వాక్యం.

ఇక సర్క్యులర్ సంగతి. కాంట్రాక్టరుకూ శాఖకూ తగువొస్తే ముందుగా ఒక మధ్యవర్తి వింటాడు. ఆయన చెప్పే తీర్పును అవార్డు అంటారు. నచ్చనివాళ్ళు మూడు నెలల్లోగా దాన్ని కోర్టులో సవాలు చేసుకోవచ్చు. చాలా ఏళ్ళ కిందట ఒక ఇంజనీరు గారు ఒక అవార్డు చదివి, "సబబుగా ఉన్నది, సవాలు అవసరం లేదు" అని రాశారట. ఆయనకు సబబుగా ఎందుకు అనిపించిందో తేల్చడానికి విచారణ వేశారు. ఆయన రిటైరయ్యారు, విచారణ కాలేదు. పింఛను ఇంకా తేలలేదు. అప్పటినుంచి పై ఆఫీసు వారి సర్క్యులర్ ఒకటి గోడకు అంటించి ఉంది: "ఇకమీదట ప్రతి అవార్డును, ఫలితముతో నిమిత్తము లేకుండా, గడువులోగా సవాలు చేయవలెను. ఇందుకు భిన్నముగా వ్యవహరించిన ఉద్యోగి వ్యక్తిగతముగా బాధ్యుడగును."

కనుక మార్చి నెలలో 'కిలోమీటరు 11/4 వద్ద వంతెన' అనే పేరుతో ఒక అవార్డు రాగానే దీవెన మొదటి పేజీ చూసింది, చివరి పేజీ చూసింది. సవాలు చేయుటకు ప్రతిపాదించడమైనదని రాసింది. పిటిషనుకు అచ్చు నమూనా ఉంది. 'మధ్యవర్తి శాఖవారి వాదనను పట్టించుకోలేదు, తీర్పు ప్రజాప్రయోజనానికి విరుద్ధము' అని పదకొండు కారణాలు అందులోనే సిద్ధంగా ఉంటాయి. నంబర్లు నింపితే చాలు. తొంభై రోజుల పనిని తొమ్మిది రోజుల్లో ముగించింది. పిటిషను కోర్టుకు వెళ్ళింది. కోర్టువారు, తదుపరి వాయిదా వరకు ఉన్నది ఉన్నట్టుగా ఉంచమని ఉత్తర్వు ఇచ్చారు.

ఆ ఆఫీసులో స్టే వచ్చిందంటే పెళ్ళి సంబంధం కుదిరినంత సంబరం. వల్లభరావు గారు ఉల్లి పకోడీ తెప్పించారు.

"తొమ్మిది రోజులు! విన్నారా? మా సెక్షన్ అమ్మాయి," అని అందరికీ చూపించారు. దీవెన సిగ్గుపడుతూ రెండు పకోడీలు తిన్నది. ఆ రెండు పకోడీలు తర్వాత చాలాకాలం ఆమెకు అరగలేదు.

*

ఆ శనివారం దీవెన ఊరికి వెళ్ళింది. పెదమొద్దులపాడుకు ముందు నక్కలవాగు. వాగు మీద వంతెన. టౌను వైపు నుంచి బస్సు వంతెన మొదటిదాకా వస్తుంది, మనుషులు వంతెన మీద హాయిగా నడిచి చివరిదాకా వెళ్తారు. అక్కడ వంతెన అయిపోతుంది. భూమి ఇంకా మొదలుకాదు. రెంటికీ మధ్య నిలువుగా పన్నెండు అడుగుల గాలి. కాంట్రాక్టరు మాలకొండయ్య వంతెన కట్టాడు గానీ, దిగడానికి మట్టికట్ట పోయకుండా నాలుగేళ్ళ కిందట వెళ్ళిపోయాడు. ఊరివాళ్ళు వెదురు నిచ్చెన వేసుకున్నారు. పద్నాలుగు మెట్లు. ఎండలు బాగా ముదిరి వాగు ఎండితే దిగి నడుస్తారు. మిగతా రోజుల్లో నిచ్చెనే గతి. ఊరి బడి టౌను వైపు ఒడ్డున ఉంది. దీవెన తల్లి కరుణమ్మ ఆ బడికి ఇంట్లోనే మధ్యాహ్న భోజనం వండుతుంది. ఆ రోజులన్నీ అన్నం గిన్నె, సాంబారు గిన్నె ఒకదాని తర్వాత ఒకటి నెత్తిన పెట్టుకుని ఆ పద్నాలుగు మెట్లు ఎక్కి దిగుతుంది.

ఆ రోజు నిచ్చెన కింద రెండు మట్టి గుట్టలున్నాయి. కాంట్రాక్టరు గుమస్తా డేరా విప్పి లారీలో వేయిస్తున్నాడు. కరుణమ్మ నడుం మీద చేతులు పెట్టుకుని నిలబడి ఉంది.

"మొన్ననే గదయ్యా వచ్చారు! రెండు లారీల మన్ను పోసి మళ్ళీ ఎళ్ళిపోతన్నారే? మాకు చూపించటానికి తెచ్చారా మన్ను?"

"మమ్మల్నంటే ఏం లాభమమ్మా?" అన్నాడు గుమస్తా. "కట్టమని మధ్యవర్తి చెప్పాడు. మా అయ్యగారు తిట్టుకుంటానే మొదలుపెట్టాడు. వద్దని మీ గవర్మెంటోళ్ళే కోర్టుకెళ్ళి ఆపించారు. ఇదిగో కాయితాలు."

దీవెన నిచ్చెన దిగి ఆ కాగితాలు అందుకుంది. అలవాటు కొద్దీ మొదటి పేజీ చూసింది. కిలోమీటరు 11/4. తలెత్తి చూసింది. వంతెన గోడ మీద, తను ఊరికొచ్చినప్పుడల్లా కాళ్ళూపుకుంటూ కూర్చునే చోట, నల్లరంగుతో 11/4 అని రాసి ఉంది. నాలుగేళ్ళుగా ఆ అంకె పక్కనుంచే ఆమె నిచ్చెన దిగుతున్నది. ఫైల్లో ఊరి పేరు ఉండదు. కిలోమీటరే ఉంటుంది.

ఆమె నిచ్చెన మొదట్లో కూలబడి, సర్వీసులో మొట్టమొదటిసారి ఒక కాగితం మధ్యలో చదివింది.

మధ్యవర్తి ఎవరో రిటైరైన పెద్ద ఇంజనీరు. వానలో తానే వచ్చి ఆ నిచ్చెన ఎక్కి, దిగి, మెట్లు లెక్కపెట్టుకుని వెళ్ళాడట. శాఖ వాదన అక్షరాలా నిజమన్నాడు. కాంట్రాక్టరు నాలుగు నెలల్లో సొంత ఖర్చుతో మట్టికట్ట పోయాలి. పోయకపోతే ఇక ఏ ప్రభుత్వ టెండరులోనూ పాల్గొనడానికి వీల్లేదు. శాఖ ఇవ్వవలసింది ఏమీ లేదు. శాఖ గెలిచింది. ఆ గెలుపు ప్రజాప్రయోజనానికి విరుద్ధమని పదకొండు కారణాలతో కోర్టులో వాదించింది దీవెన.

"ఏంది మే, అట్టా అయిపోయావు?" అంది కరుణమ్మ.

"అమ్మా, ఈ లారీలు ఆపింది నేనేనే."

కరుణమ్మ కూతుర్ని ఎగాదిగా చూసింది. "నువ్వా? ఇంట్లో నీ మాట పిల్లి గూడా వినదు. లారీలు విన్నయ్యా?"

*

సోమవారం దీవెన వల్లభరావు గారి బల్ల ముందు నిలబడింది.

"సార్, 11/4 వంతెన కేసు మనం గెలిచాం సార్."

"ఎవరు చెప్పారు?"

"చదివాను సార్."

ఆయన కళ్ళజోడు తీసి పక్కన పెట్టారు. దొంగతనం ఒప్పుకున్న పిల్లను చూసినట్టు చూశారు. "చెప్పాను గదమ్మా నేను. చదవొద్దని."

"పిటిషను వెనక్కి తీసుకుందాం సార్."

ఇద్దరూ ఈఈ గారి గదిలోకి వెళ్ళారు. ఆయన అంతా విని, సీలింగ్ ఫ్యాను వైపు చూస్తూ చెప్పారు.

"ఉపసంహరణ అనగా ఏమిటి? అవార్డును అంగీకరించుటే. అంగీకారమును సర్క్యులర్ నిషేధించుచున్నది. పైగా ఎందుకు వేసితిమి, ఎందుకు తీసితిమి అని రెండు ప్రశ్నలు వచ్చును. ఇప్పుడు ఒక్కటే ఉన్నది. ఉన్న ప్రశ్నతో సుఖముగా ఉందము."

ఆయన ఇంట్లో అందరిలాగే మాట్లాడతారట. ఆ కుర్చీలో కూర్చుంటే మాత్రం ఉత్తర్వులాగే మాట్లాడేవారు.

"అయితే," అన్నారాయన ఉత్సాహంగా, "కోర్టువారు ఉన్నది ఉన్నట్టుగా ఉంచమన్నారు గదా. ఏమున్నదో మనము నమోదు చేసితిమా? లేదు! తక్షణమే చేయవలెను."

మర్నాడు అసిస్టెంటు ఇంజనీరు ఒకాయన కెమెరాతో నిచ్చెన దగ్గరికి వెళ్ళాడు. ఉన్నదాన్ని ఉన్నట్టుగా ఫొటో తీశాడు. ఆ సమయానికి కరుణమ్మ నెత్తిన గిన్నెతో నాలుగో మెట్టు మీద ఉంది.

"ఏం బాబూ, ఇంక నేను ఈ మెట్టు మీదే ఉండాల్నా, దిగొచ్చా?"

"దిగొచ్చు లేమ్మా. నిచ్చెన మాత్రం కదలగూడదు. కోర్టు ధిక్కారమవుద్ది."

తమాషాగా అన్నాడనుకున్నారు ఊళ్ళోవాళ్ళు. వానలు మొదలయ్యాక ఆరో మెట్టు విరిగింది. కొత్త వెదురు కట్టబోతే అదే అసిస్టెంటు ఇంజనీరు పరుగెత్తుకొచ్చి ఆపాడు. ఫొటోలో ఉన్నది పాత మెట్టు. మార్చాలంటే కోర్టు అనుమతి కావాలి. అనుమతికి ఆఫీసు ప్రతిపాదన కావాలి. ఆ ప్రతిపాదన రాసింది దీవెనే: 'ఆరవ మెట్టు మార్పిడికి అనుమతి కోరడమైనది. మెట్టు పొడవు, వయస్సు, వెదురు జాతి జతపరచడమైనది.' వెదురు జాతి తెలుసుకోవడానికి అటవీశాఖకు ఒక ఉత్తరం వెళ్ళింది. అటవీశాఖవారు, వెదురు ఎక్కడ నరికారో ముందు చెప్పమన్నారు.

ఆ వానాకాలమంతా పెదమొద్దులపాడు అయిదో మెట్టు మీదనుంచి ఏడో మెట్టుకు కాలు చాపి ఎక్కింది. ముసలివాళ్ళు అవతలి ఒడ్డుకు వెళ్ళడం మానేశారు. భాద్రపదంలో ఒకనాడు కరుణమ్మ పట్టుజారి, సాంబారు గిన్నెతో సహా కింద పడింది. మణికట్టు విరిగింది. బడిపిల్లలు ఆ రోజు వట్టి అన్నం తిన్నారు.

దీవెన సెలవు పెట్టి వెళ్ళి తల్లి చేతికి కట్టు కట్టించింది.

"సాంబారంతా పాయె," అని బాధపడింది కరుణమ్మ. చెయ్యి సంగతి ఎత్తలేదు. కాసేపాగి అడిగింది: "ఇంతకీ మీ ఆఫీసోళ్ళు ఎవరి మీద గెలుద్దామని మే ఈ కేసు?"

దీవెనకు జవాబు తెలుసు.

*

దీపావళి తర్వాత కేసు విచారణకు వచ్చింది. ఫైళ్ళ మూట మోసుకుని దీవెన కోర్టు హాల్లో వెనక బెంచీలో కూర్చుంది. జడ్జి గారు కాగితాలు తిరగేస్తూ తిరగేస్తూ ఒక చోట ఆగారు. మళ్ళీ మొదటికి వచ్చారు.

"ప్లీడరు గారూ, మీ శాఖ ఇందులో గెలిచినట్టుంది?"

ప్రభుత్వ ప్లీడరు లేచి నిలబడి, "అలాగే కనబడుతోంది, యువర్ ఆనర్" అన్నాడు.

"మరి మీకేం కావాలి?"

"సమయం కావాలి, యువర్ ఆనర్."

హాల్లో ఎవరో నవ్వారు. జడ్జి గారు నవ్వలేదు. కాంట్రాక్టరు వైపు తిరిగి, "మీరేమంటారు?" అన్నారు.

మాలకొండయ్య తరఫు ప్లీడరు వినయానికి ప్రాణమొచ్చినట్టు లేచాడు. "ప్రభుత్వంతో విభేదించడం మా క్లయింటుకు ఇష్టం లేదండీ. శాఖవారు చెప్పిన పదకొండు కారణాలతోనూ మేం మనస్ఫూర్తిగా ఏకీభవిస్తున్నాం. అవార్డు రద్దు చేయవచ్చు."

ఇరుపక్షాలూ ఒక్కమాట మీద ఉన్నాయి గనుక, ఇద్దరూ వద్దన్నదాన్ని తాను నిలబెట్టి ఏం చేయాలని జడ్జి గారు అవార్డు రద్దు చేశారు. మాలకొండయ్య బయటికొచ్చి అందరికీ కూల్‌డ్రింకులు ఇప్పించాడు. దీవెనకూ ఒకటి ఇవ్వబోతే ఆమె తీసుకోలేదు.

మూడో నంబరు వంతెనల డివిజన్ పుట్టిన తర్వాత కోర్టులో వేసిన సవాళ్ళలో నెగ్గింది అదొక్కటే. అంతకుముందు నలభై రెండు వేసి నలభై రెండూ ఓడిపోయింది. పై ఆఫీసునుంచి అభినందన వచ్చింది. ఈఈ గారు సిబ్బందినందరినీ పిలిచి, "శాఖ చరిత్రలో ఇది సువర్ణాక్షరములతో లిఖింపదగిన దినము" అన్నారు. వల్లభరావు గారికి శాలువా కప్పారు. దీవెనకు ప్రశంసాపత్రం ఇచ్చారు. అందులో 'అకుంఠిత దీక్ష' అని ఉంది. ఆమె ఆ పత్రాన్ని మధ్యలో కూడా చదివింది. ఇప్పుడా జబ్బు కుదిరేలా లేదు.

*

ఆ రాత్రి టౌనులో తానుండే హాస్టలు గదిలో ఆమెకు నిద్ర పట్టలేదు. తల్లి మణికట్టు, వట్టి అన్నం తిన్న పిల్లలు, సువర్ణాక్షరాలు, అన్నీ ఒకదానిమీద ఒకటి ఎక్కి కూర్చున్నాయి. పొద్దున్నే ఆఫీసుకెళ్ళి గోడమీది సర్క్యులర్ ముందు నిలబడింది. ఏడాదిగా చూస్తున్న ఆ కాగితాన్ని రెండో పేరా దాకా ఎవరూ చదివినట్టు లేదు. "పై నిబంధన కోర్టు ఉత్తర్వులకు కూడ యథాతథముగా వర్తించును" అని అక్కడ రాసి ఉంది.

ఆమె కుర్చీలో కూర్చుని, అప్పీలు నమూనా తీసి, నంబర్లు నింపింది. కింది కోర్టు శాఖవారి వాదనను పట్టించుకోలేదు. ఉత్తర్వు ప్రజాప్రయోజనానికి విరుద్ధము. ఆ పదకొండు కారణాలూ అచ్చయిన నాటినుంచి నిజం కావడం అదే మొదలు. ఎప్పుడూ జతచేసే స్టే దరఖాస్తు కూడా జతచేసి ఫైలు పెట్టింది.

పన్నెండు గంటలకు పిలుపొచ్చింది. శాలువా కప్పిన కేసు గనుక వల్లభరావు గారు ఆ ఒక్క ఫైలును ముచ్చటపడి చదివారు.

"అమ్మాయ్! గెలిచిన కేసు మీద అప్పీలా? మతుండే రాశావా?"

"సర్క్యులర్లో ఉంది సార్. ఫలితంతో నిమిత్తం లేకుండా అని."

"ఉంటే? మనిషన్నాక ఇంగితం ఉండాలి గదా!"

"ఉండాలి సార్," అంది దీవెన.

ఆయన కాస్త తగ్గారు. "సరే. ఈ కాయితం చించేసి, అప్పీలు అవసరం లేదని రాసుకురా. సంతకం పెడతా."

"నేను రాయలేను సార్. మీరు రాయండి."

వల్లభరావు గారు కలం తీశారు. ఇరవై ఏడేళ్ళుగా ఆయన 'ప్రతిపాదించినట్లు' తప్ప మరో మాట రాసి ఎరగరు. 'అప్పీలు' అని రాశారు. ఆగారు. మంచినీళ్ళు తాగారు. "దీనికేమన్నా నమూనా ఉందేమో పాత ఫైళ్ళలో చూడు."

దీవెన రికార్డు గదికి వెళ్ళి, దుమ్ము దులుపుకుంటూ ఒక ఫైలు తెచ్చింది. "ముప్ఫై ఏళ్ళలో 'అవసరం లేదు' అని రాసింది ఇదొక్కటే సార్."

ఆయన తెరిచి చూశారు. 'సబబుగా ఉన్నది' అని రాసిన ఇంజనీరు గారి విచారణ ఫైలు అది. మూడు సంపుటాలు. పింఛను కోసం ఆయన పెట్టుకున్న దరఖాస్తులే ఒక సంపుటం.

ఫైలు మూసి పక్కకు నెట్టారు.

"నాకు ఇంకా పద్నాలుగు నెలల సర్వీసుందమ్మాయ్," అన్నారాయన, ఎవరినో తిడుతున్నట్టు.

"తెలుసు సార్."

"నీకు ఇది ఎందుకు?"

"మా అమ్మ ఆ నిచ్చెన మీదనుంచే పడింది సార్."

వల్లభరావు గారు ఆమె వైపు చూడలేదు. 'అప్పీలు' అని తాను రాసినదాని ముందు 'ప్రతిపాదించినట్లు' చేర్చి, కింద సంతకం పెట్టారు. ఆ సంతకం చూసి ఈఈ గారు పెట్టారు. ఈఈ గారి సంతకం చూసి పైవాళ్ళు పెట్టారు.

*

హైకోర్టువారు అప్పీలు చేర్చుకుని, కింది కోర్టు ఉత్తర్వును ప్రస్తుతానికి నిలిపివేశారు. అంటే అవార్డు మళ్ళీ బతికింది. నాలుగు నెలల గడువు బతికింది. పెద్ద ఆనకట్ట టెండరు ఉగాదికి ఉందని, దాని మీద మాలకొండయ్య ఆశలన్నీ ఉన్నాయని, కట్ట పోయకపోతే అది చేజారుతుందని గుమస్తా ఊళ్ళో చెప్పాడు.

మాలకొండయ్య స్వయంగా ఆఫీసుకు వచ్చాడు. ముందుగా ఈఈ గారి గదిలో అరిచి, తర్వాత దీవెన బల్ల దగ్గర ఆగాడు.

"దీవెనంటే నువ్వేనామ్మా? ముప్ఫై ఏళ్ళుగా మీ ఆఫీసుతో కొట్లాడాను, ఏమీ కాలా. ఒక్కసారి మీతో ఏకీభవించాను చూడు, మునిగిపోయా!"

వారం తిరక్కుండా లారీలు వచ్చాయి. దీవెన ప్రతి శనివారం వెళ్ళి చూసేది. ఒక వారం మట్టి నిచ్చెన మూడో మెట్టు దాకా వచ్చింది. ఇంకో వారానికి విరిగిన ఆరో మెట్టు మట్టిలో కూరుకుపోయింది. కరుణమ్మ కట్టు విప్పిన చేత్తో కూలీలకు మజ్జిగ పోస్తూ, "తొక్కండయ్యా, గట్టిగా తొక్కండి" అని మేస్త్రీలా అజమాయిషీ చేసేది.

ఇంకా మూడు వారాల పని ఉందనగా హైకోర్టునుంచి ప్రభుత్వ ప్లీడరు ఉత్తరం వచ్చింది. అప్పీలు త్వరగా విచారణకు వచ్చేటట్టుంది, శాఖవారి వివరమైన అభిప్రాయం వెంటనే పంపవలసినదని అందులో ఉంది. దీవెన ఆ ఉత్తరాన్ని రెండుసార్లు చదివింది. విచారణ జరిగితే ఇంకెవరు ఎవరితో ఏకీభవిస్తారో! ఫోను చేసి ప్లీడరు గారి గుమస్తాను అడిగింది.

"అభిప్రాయం రాకపోతే ఏమవుతుందండీ?"

"ఏమవుద్దమ్మా, వాయిదా అడుగుతాం. వచ్చిందాకా అడుగుతానే ఉంటాం."

ఆమె ఫోను పెట్టేసి గది చుట్టూ చూసింది. బల్లల మీద, బీరువాల మీద, కిటికీ గూట్లో, జవాబు కోసం ఎదురుచూస్తున్న ఉత్తరాల కట్టలు. కొన్నింటి మీద తాను పుట్టకముందు తేదీలున్నాయి. ప్లీడరు గారి ఉత్తరాన్ని జాగ్రత్తగా మడిచి, అన్నిటికంటే ఎత్తయిన కట్టను పైకెత్తి, దాని అడుగున పెట్టింది.

మూడు వారాలేం ఖర్మ, మూడేళ్ళయినా అది పైకి రాదు. ఉద్యోగంలో చేరిన తర్వాత తన శాఖ మీద దీవెనకు పూర్తి నమ్మకం కలిగింది ఆ రోజే.